సముద్రం తెలిసిన ఇసుక

మాఘమాసపు చివరి రోజులు. కాళేశ్వరం రేవులో ఇంకా తెల్లవారలేదు. నది మీద మంచు పాల మీగడలా ముడతలు ముడతలుగా, బరువుగా పరుచుకుని ఉంది. ఆ తెల్లదనంలోంచి ముందుగా ఒక వెదురు గడ కొస తేలింది. తర్వాత తలకు చుట్టిన ఎర్ర తువాల. ఆ తర్వాత తారు పూసిన నల్లటి పడవ ముక్కు, దాని అంచున రాత్రంతా కురిసిన మంచు బొట్లు ముత్యాల వరుసలా. నీళ్లెక్కడ ముగిసి ఆకాశం ఎక్కడ మొదలవుతుందో పోల్చుకోలేని ఆ ఘడియలో పడవ తేలుతున్నట్టు లేదు, గాలిలో వేలాడుతున్నట్టు ఉంది. వెనక ముక్తీశ్వరుని గుడిలో గంట మోగింది. ఆ మోత మంచులో తడిసి, మెత్తబడి, నది దాటిపోయి సిరొంచ గట్టును తాకి సన్నగా మళ్లీ వచ్చింది.

"గంగ పండుకున్నప్పుడే ఎక్కాలె బిడ్డా. పొద్దెక్కితె గాలి లేస్తది," అన్నాడు పడవ నడిపే కాక.

ఈ దిక్కు జనానికి గోదావరి గంగే. ప్రాణహిత కూడా గంగే. గంగకు పోయొచ్చినం అంటారు, గంగల మునిగినం అంటారు. అంత దగ్గరి చుట్టరికం ఉన్న నది మీద ఒక పగలంతా, పొద్దు పొడిచినప్పటి నుంచి పొద్దు గుంకే దాకా, ఏ మొక్కూ లేకుండా, ఏ పనీ పెట్టుకోకుండా ఊరికే తేలాలన్నది నా చాలా ఏళ్ల కోరిక.

మాకు సముద్రం లేదు. కరీంనగర్‌లో పుట్టిన పిల్లవాడు అల అంటే ఏమిటో చూడాలంటే రాత్రంతా రైలెక్కి విశాఖ పోవాలి. నేనూ అలాగే పోయాను. ఆ తర్వాత ఇంకా దూరం, అండమాన్ పోయాను. అక్కడ వండూర్ రేవులో పొద్దున్నే ఎక్కితే పడవ మడ అడవుల మధ్య ఆకుపచ్చ నీటిదారుల్లో సాగి జాలీబాయ్ దీవికి చేరుస్తుంది. ఎక్కే ముందే చేతిలోని ప్లాస్టిక్ సీసాలు తీసి పక్కన పెట్టిస్తారు. కళ్లకు అద్దం, నోటికి స్నార్కెల్ గొట్టం పెట్టుకుని ముఖం నీళ్లలో ముంచితే కింద పగడాల తోట. పసుపు, ఊదా, నెమలికంఠపు నీలం. ఆ రంగులు చూసి ఒడ్డుకొచ్చి తెల్లటి ఇసుకలో కూర్చున్నప్పుడు నాకు మొదట గుర్తొచ్చింది చిన్నప్పుడు అమ్మమ్మ వేలు పట్టుకుని నడిచిన కాళేశ్వరం ఇసుక. ఇలాంటి తీరమే మన గడపలో ఉండగా దాన్ని ఒక్కసారైనా ఇంత ఓపిగ్గా చూశానా అనిపించింది. అందుకే పోర్ట్ బ్లెయిర్ బజారులో కొన్న గొట్టం, అద్దం సంచిలో పెట్టుకుని ఇలా వచ్చాను.

కాక వాటిని చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పి చూశాడు. "ఇది పెట్టుకుంటె చేపకు కనవడ్డట్టు కనవడ్తదా?" అని అడిగాడు. అంతకన్నా బాగా ఆ వస్తువు పనిని నేను చెప్పలేను.

పొద్దు సిరొంచ వైపు చెట్ల వెనక నుంచి లేచింది. మంచు ఒక్కసారిగా తొలగలేదు. ముందు గులాబి రంగు తాగింది, తర్వాత పసుపు తాగింది, తర్వాత చీర కొంగు లాగినట్టు నెమ్మదిగా పైకి లేచి పలచబడింది. దాని కింద ఆవరించి ఉన్న నీరు కంటబడింది. పడమటి నుంచి గోదావరి, ఉత్తరం నుంచి ప్రాణహిత. నాసిక్ దగ్గర త్రయంబకంలో పుట్టిన గోదావరి 1,465 కిలోమీటర్ల నడకలో సగం దాటి ఇక్కడికి వస్తుంది. వార్ధా, వైన్‌గంగ కలిసి ప్రాణహితగా మారి 113 కిలోమీటర్లు రాష్ట్రాల హద్దు గీస్తూ వస్తుంది. పొడవులో చిన్నదే. కానీ తెచ్చే నీటిలో పెద్దమ్మ. గోదావరి పరీవాహకంలో మూడో వంతు ఈమె చేతిలోదే. సాత్పురా కొండల్లో కురిసిన వాన, విదర్భ నల్లరేగడి మీద కురిసిన వాన, ఆదిలాబాద్ ఎల్లలో పారే పెన్‌గంగ నీరు, అన్నీ ఈ ఒక్క పేరులో కలుస్తాయి.

సంగమం దగ్గర కాక గడ ఎత్తి పట్టుకున్నాడు. పడవ తనంత తాను తిరిగింది. నీటి మీద ఒక గీత. అవతల ప్రాణహిత, లేత వేపాకు రంగులో, తేటగా, అడుగున ఇసుక మెరుస్తూ. ఇవతల గోదావరి, కొంచెం చిక్కగా, ఎండిన గడ్డి రంగులో. రెండూ పక్కపక్కన నడుస్తున్నాయి, కలవడానికి సిగ్గుపడుతున్నట్టు. గీత వెంబడి చిన్న చిన్న సుడులు, అరచేయంత, గవ్వంత, పుట్టి రెండు గిరికీలు కొట్టి మాయమవుతున్నాయి. ప్రతి సుడిలో ఒక చారెడు పచ్చ నీరు పసుపు నీటిలోకి జారుతోంది. ఈ ఇద్దరి కింద కనబడని సరస్వతి పారుతోందని పెద్దల నమ్మకం. గుడిలో ఒకే పానవట్టం మీద ఉన్న రెండు లింగాల్లో ముక్తీశ్వర లింగానికి రంధ్రాలున్నాయి. అందులో పోసిన నీరు భూమి లోపలి దారిన ఈ సంగమానికే చేరుతుందని చెబుతారు. ఆ గీత మీద, ఆ సుడుల నడుమ నిలబడి చూస్తే ఆ మాట నమ్మడానికి మనసు వెంటనే సిద్ధపడుతుంది.

పడవ ముక్కును ఉత్తరానికి తిప్పి ప్రాణహితలోకి ఎక్కాం. ఎడమ చేతి వైపు పాత ఆదిలాబాద్ జిల్లా అడవి. కుడి చేతి వైపు మహారాష్ట్రలోని సిరొంచ. అక్కడా తెలుగే. బట్టలు ఉతుకుతున్న ఆడవాళ్లు ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు కేకేసి మాట్లాడుకునే తెలుగు.

మొదటి దిబ్బ అల్లంత దూరాన కనబడగానే కాక ఇంజిన్ ఆపేశాడు. "జక్కవలున్నయ్," అన్నాడు గొంతు తగ్గించి.

తెల్లటి ఇసుక తిన్నె. దాని నీటి అంచున పన్నెండు జక్కవలు. జతలు జతలుగా, ఆరు జతలు. బాగా కాచిన నెయ్యి రంగు కాదు, మాగిన నారింజ రంగు కాదు, రెండింటి నడుమ ఎక్కడో ఉండే వెచ్చటి, బంగారు మట్టి రంగు ఒళ్లు. మెడ దగ్గరికి వచ్చేసరికి ఆ రంగు పలచబడి తల మీద లేత మీగడ రంగవుతుంది. మగదాని మెడ చుట్టూ నల్లదారం కట్టినట్టు సన్నని గీత. ఒక జత మాకు యాభై అడుగుల దూరంలోనే ఉంది. ఆడది ముక్కుతో రొమ్ము ఈకలు ఒక్కొక్కటే సర్దుకుంటోంది. మగది కదలకుండా నిలబడి మమ్మల్నే చూస్తోంది, నల్లటి గురిగింజ కన్ను రెప్ప వేయకుండా. గాలి వీచినప్పుడు దాని వీపు మీది ఈకలు కోతకొచ్చిన వరి చేను కదిలినట్టు కదిలాయి. ఒక్కసారి రెక్క విప్పింది. అంతవరకు దాచుకున్న తెలుపు, ఆ తెలుపు చివర నలుపు, నడుమ నెమలి ఈక లాంటి పచ్చ మెరుపు ఎండలో తళుక్కుమని మళ్లీ బంగారు ఒంటి కింద ముడుచుకుపోయాయి.

మన కవులు వందల ఏళ్లుగా ఈ పక్షుల విరహం పాడుతున్నారు. రాత్రయితే జంట విడిపోయి చెరో ఒడ్డునా చేరి ఒకరికోసం ఒకరు పిలుచుకుంటాయట. లడఖ్, టిబెట్ ఎత్తుల్లో, మంచు కరిగిన సరస్సుల పక్కన, కొండ బొరియల్లో పుట్టిన పక్షులివి. చలికాలానికి హిమాలయాలు దాటి ఎక్కడెక్కడి నీళ్లనో వదిలేసి ఈ ఇసుకను వెతుక్కుంటూ వస్తాయి. ఏ పటమూ లేకుండా, కిందటేడు దిగిన తిన్నెను గుర్తుపట్టి. మనిషి గడప దాటితే దారి అడుగుతాడు. ఇవి ఆకాశాన్ని అడుగుతాయి.

"మధ్యల నాలుగేండ్లు ఈ దిబ్బలు మొత్తం నీళ్లల్లనే ఉండె," అన్నాడు కాక. కింద మేడిగడ్డ దగ్గర 2019లో బరాజ్ వచ్చాక వెనక నీరు నిలిచి తిన్నెలు మునిగాయి. 2023 అక్టోబరులో అక్కడ పిల్లర్లు కుంగి గేట్లు ఎత్తేసినప్పటి నుంచి గంగ మళ్లీ సన్నబడింది, ఇసుక తేలింది. "తేలిన ఏడాదే ఇవి మల్ల దిగినయ్. ఎవలు చెప్పిన్రో ఏమో." ఆ మాట అంటున్నప్పుడు ఆయన ముఖంలో ఊరికి తిరిగొచ్చిన బిడ్డను చూసినప్పటి వెలుగు కనబడింది.

పడవ దిబ్బ చుట్టూ దూరంగా తిరిగి వెళ్లింది. వాటిని లేపకూడదని. ఈ చిన్న మర్యాద ఆయనకు ఎవరూ నేర్పలేదు.

ఇంకాస్త పైకి పోయాక నీరు పలచబడింది. అడుగు గరగరలాడింది. "జర దిగు బిడ్డా, ఉసికె తాకింది. తోస్తెనే కదుల్తది." చెప్పులు విడిచి దిగాను. మాఘపు నీరు మడమల్ని కొరికింది. ఆ వెంటనే కాళ్ల కింద ఇసుక కదలడం మొదలైంది. నది ఇసుక ఒక్క క్షణం కూడా నిలవదు. ప్రతి రేణువూ పొర్లుతూ, దొర్లుతూ, ముందున్నదాన్ని నెట్టుకుంటూ పోతూనే ఉంటుంది. వేళ్ల సందుల్లో అది చల్లగా జారుతుంటే భూమి బతికే ఉందని చర్మానికి తెలిసింది. ఒక పిడికెడు తీసి అరచేతిలో పరిచాను. పలుగు రేణువులు పటిక బెల్లం పలుకుల్లా, అభ్రకం రేకులు చేప పొలుసుల్లా, అక్కడక్కడా దానిమ్మ గింజ ఎరుపులో ఒక్కో రేణువు, ఆవగింజంత నల్లనివి కొన్ని. ఎక్కడో ఉత్తరాన ఒక కొండ అరిగిపోయి ఈ అరచేతిలోకి వచ్చింది.

ఇసుకను టన్నుల్లో లెక్కగట్టే కాలంలో ఉన్నాం. లారీల బారులు ఈ దారిలో నేనూ చూశాను, చూసిన ప్రతిసారీ గుండె కలుక్కుమంది. అరచేతిలోని ఆ పిడికెడు మెరుపును ఏ లెక్కలో వేయాలో నాకైతే తోచదు.

నది టెర్న్ పిట్టలు అక్కడే కనబడ్డాయి. నల్లటి టోపీ, పసుపు ముక్కు, ఎర్రటి బుజ్జి కాళ్లు, వెన్నెల ముక్కను కత్తిరించి చేసినట్టున్న బూడిద తెలుపు రెక్కలు. ఒకటి గాలిలో నిలిచి, తల వంచి, నీటిని చదువుతున్నట్టు చూసి, రాయి పడ్డట్టు పడింది. లేచినప్పుడు ముక్కులో వెండి మెరుపు, వేలంత చేపపిల్ల. అది మింగలేదు. ఇసుక మీద నిలబడి ఉన్న ఇంకో పిట్ట దగ్గరికి వెళ్లి, మెడ సాచి, ఎంతో పద్ధతిగా దాని ముందు వంగింది. ఆడపిట్ట కాసేపు చూసీ చూడనట్టు నిలబడి తర్వాత అందుకుంది. అదే వాటి పెళ్లి మాట. ఎండాకాలంలో ఈ తిన్నె మీదే, గూడు లేదు గీడు లేదు, ఇసుకలో చిన్న గుంట చేసి గుడ్లు పెడతాయి. ఇసుక రంగులో, ఇసుక మచ్చలతో ఉన్న గుడ్లు, పక్కనే నిలబడ్డా కనబడనివి. మండుటెండలో తల్లి ఎగిరిపోయి రొమ్ము ఈకలు నీళ్లలో తడుపుకుని వచ్చి, ఆ తడితో గుడ్ల మీద కూర్చుంటుంది. చల్లార్చడానికి పొదుగుతుంది. పొదగడమంటే వెచ్చదనమివ్వడమనుకునే మనకు ఎంత వింత.

మోకాలి లోతు తేట నీటి మడవ ఒకటి చూసి అక్కడ అద్దం పెట్టుకున్నాను. మొసళ్ల భయం లేదా అంటే, అవి ఈ పలచటి నీళ్లలో ఉండవనీ, వాటి చోటు గోదావరి మీద మంథని వైపు శివ్వారం దగ్గరి ఎల్‌మడుగనీ కాక చెప్పాడు. అక్కడ రాళ్ల మీద నోళ్లు తెరుచుకుని, ఒంటి వేడి చల్లార్చుకుంటూ ఎండ కాగే మొసళ్లను ఇంకో రోజు చూడాలి. ఆయన గడ పట్టుకుని పక్కనే నిలబడ్డాడు. నేను ముఖం ముంచాను.

మొదట చప్పుడు మారింది. పైన గాలి, పిట్టలు, దూరంగా బట్టల బండ మోత, అన్నీ తలుపు మూసినట్టు ఆగిపోయాయి. దానికి బదులు ఒక సన్నని, ఎడతెగని, సుయ్‌మనే ధ్వని. ఇసుక రేణువులు ఒకదానికొకటి రాసుకుంటూ నడిచే చప్పుడది. నది తనలో తాను మాట్లాడుకునే గొంతు. తర్వాత వెలుగు వచ్చింది. నీటి మీది చిరు అలలు ఎండను వల అల్లి అడుగున పరిచాయి. బంగారు గళ్ల వల, ప్రతి క్షణం చిక్కులు పడుతూ, విడిపోతూ. ఆ వల కింద పచ్చటి పాచి రిబ్బన్లు ఒకే దిక్కుకు తల దువ్వుకుని ఊగుతున్నాయి.

పగడాల తోట కాదిది. ఇక్కడి రంగులు అరవవు, దగ్గరికి రమ్మని పిలుస్తాయి. చాలాసేపు నాకేమీ కనబడలేదు. తర్వాత ఇసుకలో రెండు చిన్న బొట్లు కనబడ్డాయి. అవి కదిలాయి. కళ్లు. ఆ కళ్లు దొరికాక మెల్లగా చేప దొరికింది, ఇసుకదొందు. జానెడు కన్నా తక్కువ పొడవు, చదునైన తల, ఒంటి నిండా ఇసుక రంగు, ఇసుక మచ్చలు. అసలు ఇసుకే ఊపిరి పోసుకుని చేపైనట్టు. మొప్పలు మాత్రం సన్నగా తెరుచుకుంటూ మూసుకుంటూ ఉన్నాయి. నా నీడ పడగానే దుమ్ము లేచింది. దుమ్ము ఆరేలోగా అక్కడ మళ్లీ ఇసుకే మిగిలింది.

ఇంకో చోట పాచి నీడలో గాజు చేపలు. రూపాయి బిళ్లంత. ఒంటికి రంగు లేదు, మరుగు లేదు. ఎండ వాటిలోంచి దాటిపోతోంది. లోపల ముల్లు దువ్వెనలా కనబడుతోంది, ఆ ముందు వెండి సంచిలా పొట్ట, ఇంకా ముందు ఎర్రటి మొప్పల మసక. గుండె దాచుకోని ప్రాణి. ఒకటి నా అద్దానికి అంగుళం దూరంలో వచ్చి నిలిచింది. దాని ఒంట్లోంచి నేను వెనకున్న పాచి ఆకును చూశాను. సృష్టికర్త అన్ని రంగులూ పగడపు చేపలకు పంచి, చివరికి చెయ్యి ఖాళీ అయ్యాక, వెలుతురునే పిడికెడు తీసి దీన్ని చేశాడేమో.

అడుగున నల్లటి ఆల్చిప్పలు దున్నుకుంటూ పోయిన చాళ్లు. గంటకు జానెడు నడిచే ప్రాణులు కూడా నదిని ఎదురెక్కే ఉపాయం కనుక్కున్నాయి. వాటి పిల్లలు కంటికి ఆననంత చిన్నవిగా ఉన్నప్పుడు చేపల మొప్పలను పట్టుకుని, చేపతో పాటు ఊళ్లు దాటి, పెరిగాక ఎక్కడో ఇసుకలోకి జారిపోతాయి. పైన మేం పడవలో, కింద వాళ్లు చేపలో.

తల ఎత్తితే కాక చేయి చాచాడు, అద్దం ఇవ్వమని. అరవై ఏళ్లు ఈ నీటి మీద బతికిన మనిషి. ఒంగి ముఖం ముంచి చాలాసేపు లేవలేదు. లేచాక నీళ్లు కారుతున్న గడ్డంతో, "ఇన్నొద్దులు వలేసి గుంజుకున్న. గిట్ల ఇండ్లల్ల ఉన్నప్పుడు ఎన్నడు సూడలె," అన్నాడు. ఆ తర్వాత కొంతసేపు ఆయన మాట్లాడలేదు. నేనూ మాట్లాడించలేదు.

మధ్యాహ్నం కోట దగ్గర ఆగాం. సిరొంచకు ఉత్తరాన, ప్రాణహిత తూర్పు గట్టున ఉండే చిన్న ఊరు కోట. రేవు పైన కళ్లాల్లో ఆరబోసిన మిర్చి. నీలాకాశం కింద, ఆకుపచ్చ చేల నడుమ, నిప్పు కణికల్లాంటి ఎరుపు. గాలి తిరిగినప్పుడల్లా ఆ ఘాటు నీటి మీదికి కూడా వస్తోంది. ఏరుమద్ది చెట్టు నీడలో జొన్నరొట్టె, చేపల పులుసు విప్పుకుని తిన్నాం.

ఈ ఊరి పేరు భూగర్భ శాస్త్ర పుస్తకాలకు తెలుసు. ఇక్కడి రాతి పొరల్ని కోట పొరలంటారు. వాటిలో సున్నపురాయి పలకలు పలకలుగా విడిపోతుంది, పాత పుస్తకంలో పుటల్లా. ఆ పుటల మధ్య చేపలు దొరికాయి. 19వ శతాబ్దం నడుమనే లెపిడోటెస్ దక్కనెన్సిస్ అని మన దక్కను పేరు పెట్టించుకున్న చేప వాటిలో ఒకటి. వజ్రాకారపు మందపాటి పొలుసులు, ఒకదాని పక్కన ఒకటి పెంకుల్లా పేర్చినట్టు, పంటి పింగాణీలాంటి మెరుపుతో. చేప కరిగిపోయి దాదాపు 18 కోట్ల ఏళ్లు. పొలుసు మెరుపు మాత్రం కరగలేదు. ఆనాడు ఇక్కడ పెద్ద సరస్సులు. ఒడ్డున ఆకాశాన్ని తాకే చెట్లు, ఆ చెట్ల కొమ్మలు మేసే కొండలాంటి జంతువులు. సిరొంచ వైపు పోచంపల్లి దగ్గర దొరికిన బరపాసారస్‌కు, తవ్వకాలు జరిగిన 1961 రవీంద్రుని శతజయంతి ఏడు కావడంతో, టాగోర్ పేరు కూడా చేర్చారు. అది కలకత్తాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లో నిలబడి ఉంది. ఈ లోయలోనే యామనపల్లి దగ్గర దొరికిన తొమ్మిది మీటర్ల కోటసారస్‌కు 1988లో ఈ ఊరి పొరల పేరే పెట్టారు. హైదరాబాద్ బిర్లా సైన్స్ సెంటర్‌లో మెడ సాచి నిలబడిన ఆ ఎముకల గూడును మా పిల్లలు నోరు తెరుచుకుని చూశారు. అది మన ప్రాణహిత లోయలో దొరికిన జంతువని నేను వాళ్లకు చెప్పాను.

తిన్నాక చేయి కడుక్కోవడానికి దిగితే నీటి అంచున గులకరాళ్ల మధ్య ఒక ఇసుకరాయి పలక కనబడింది. పుట్టగొడుగు రంగు, రెండు అరచేతుల వెడల్పు, పైనుంచి వాగులు మోసుకొచ్చింది. దాని మీద అలలు. గీసినవి కావు, చెక్కినవి కావు. ఒక దాని వెనక ఒకటి, సమానమైన ఎడంతో, కొంచెం వంపు తిరిగిన ఇసుక అలలు, రాయిగా మారి ఆగిపోయినవి. పక్కనే, అదే చోట, పలచగా పారుతున్న జానెడు నీటి కింద ఈ పొద్దున పుట్టిన ఇసుక అలలు. అదే ఎడం. అదే వంపు. పలకను వాటి పక్కన పెట్టాను. వేలితో ఒక అల మీద నడిచి రెండో అల మీదికి దాటాను. ఒకటి గరుకుగా ఆగింది, ఒకటి వేలి కింద కరిగిపోయింది.

ఆదిలాబాద్ నేల కింద, పెన్‌గంగ ఒడ్డున, మందంగా పేరుకున్న సున్నపురాయి ఉంది. సిమెంటు కోసం తవ్వేది అదే. దాని కింద ఇలా అలల గుర్తులున్న ఇసుకరాళ్లున్నాయి. అవి వంద కోట్ల ఏళ్లకు పైబడిన సముద్రపు అడుగు. అప్పటికి చేప లేదు, చెట్టు లేదు, పిట్ట లేదు, చూడటానికి కన్నే లేదు. వినేవాళ్లు లేని తీరం మీద అలలు వచ్చి విరిగి వెనక్కి పోయేవి. మాకు సముద్రం లేదని పొద్దున అనుకున్నాను. మాకున్న సముద్రం మీదే ఊళ్లు కట్టుకుని, నాగళ్లు దున్ని, బొగ్గు గనులు తవ్వి బతుకుతున్నామని ఆ పలక మీద వేలు పెట్టేదాకా నాకు తెలియలేదు. దాన్ని ఇంటికి తెచ్చుకోవాలనిపించింది. చాలా బలంగా అనిపించింది. మళ్లీ నీళ్లలోనే పెట్టి వచ్చాను.

తిరుగు దారిలో ఆదిలాబాద్ గట్టు పక్కగా దిగివచ్చాం. టేకు చెట్లు ఆకులు రాల్చి బూడిద రంగు కొమ్మలతో నిలబడ్డాయి. వాటి నడుమ అప్పుడే విచ్చుకుంటున్న మోదుగు, ఒక్క ఆకు లేకుండా, చిలుక ముక్కుల్లాంటి కుంకుమ పూలతో. నీటిలో దాని నీడ పడ్డచోట నది ఎర్రగా ఊగింది. 1980లో అభయారణ్యమైన అడవి ఇది. తడి ఇసుక మీద రాత్రి నీళ్లకు దిగిన జింకల గిట్టల గుర్తులు, చెరో వైపు కన్నీటి చుక్కల్లా, నీటి దాకా వచ్చి, నీటి దగ్గర కలగాపులగమై, మళ్లీ వరుస కట్టి అడవిలోకి పోయాయి. కృష్ణజింక దొరకలేదు కంటికి. దాని సంతకం దొరికింది.

ఇంకా చాలా పైన, బెజ్జూరు అడవిలో, పెద్దవాగు ప్రాణహితను చేరే దిక్కున పాలరాపు గుట్ట ఉంది. నిటారు బండ అంచుల్లో పొడుగు ముక్కు రాబందులు గూళ్లు కట్టుకున్నాయని 2013లో తెలిసింది. పశువులకిచ్చే డైక్లోఫెనాక్ మందు కళేబరాల ద్వారా వాటి ఒంట్లోకి చేరి దేశమంతటా రాబందులు దాదాపు తుడిచిపెట్టుకుపోయాక, 2006లో ఆ మందును పశువైద్యంలో నిషేధించాక, ఎవరూ ఊహించని ఈ మారుమూల బండ మీద కొన్ని మిగిలాయి. ఏడాదికి ఒకే ఒక్క గుడ్డు పెట్టే పక్షులు. ఆ గుట్ట దాకా పోవాలంటే ఈ పడవకు, ఈ పగటికి సాధ్యం కాదు. ఒకే నది అంచున ఒకచోట లడఖ్ నుంచి వచ్చిన జక్కవ, ఒకచోట చావును మింగి అడవిని శుభ్రం చేసే రాబందు. తలుచుకుంటేనే చేతులు జోడించాలనిపించింది.

సంగమం చేరేసరికి పొద్దు ఆదిలాబాద్ అడవి మీదికి ఒరిగింది. నీరు ముందు తేనె రంగు, తర్వాత రాగి రంగు, తర్వాత పేరు లేని రంగు. పొద్దున చూసిన గీత ఇప్పుడు లేదు. రెండు నదులూ ఒకే ఎరుపులో మునిగాయి. చిన్న చిన్న ఇసుకపిట్టలు గుంపులుగా లేచి, నీటికి జానెడు ఎత్తున, వంకలు తిరుగుతూ పురుగుల్ని పట్టుకుంటున్నాయి. కింద వాటి నీడలు వాటికన్నా వేగంగా పరుగెడుతున్నాయి. కాళేశ్వరం రేవులో దీపాలు ఒక్కొక్కటే వెలిగాయి. ఎవరో వదిలిన ఆకు దొన్నె దీపం మా పడవ పక్కగా తేలి వచ్చింది. ఆ వెనకే ఒక ప్లాస్టిక్ కవరు, ఖాళీ నీళ్ల సీసా. కాక వంగి రెండూ ఏరి పడవలో వేశాడు. దీపాన్ని మాత్రం చేత్తో నీళ్లు కదిపి ముందుకు తోశాడు.

రేవు ఇంకా రెండు వందల గజాలుంది. చీకటి కమ్మింది. అప్పుడు వెనక, మేం పొద్దున చుట్టి వచ్చిన దిబ్బ మీద నుంచి, ఒక పిలుపు వచ్చింది. ముక్కులోంచి వచ్చినట్టున్న, బరువైన, సాగదీసిన పిలుపు. కాక ఇంజిన్ ఆపేశాడు. పడవ పక్కల్ని నీళ్లు తట్టే చప్పుడు తప్ప ఇంకేం లేదు. మళ్లీ పిలిచింది జక్కవ. ఈసారి సిరొంచ గట్టు వైపు నుంచి, చాలా దూరం నుంచి, సన్నగా బదులొచ్చింది.

కాక మళ్లీ ఇంజిన్ వేయలేదు. గడ తీసి, చప్పుడు కాకుండా నీళ్లలో దించి, మమ్మల్ని ఒడ్డుకు చేర్చాడు.